విజయశాంతి కంటే 20 ఏళ్ల ముందే ఫైట్లు అదరగొట్టిన ‘రౌడీ రాణి’.. ఎవరీ విజయలలిత?

తెలుగులో ఫైట్లు చేసే హీరోయిన్ అంటే ఠక్కున గుర్తొచ్చేది విజయశాంతి. 1990లో వచ్చిన ‘కర్తవ్యం’లో పోలీస్ డ్రెస్ వేసి జాతీయ అవార్డు కొట్టేశారు, లేడీ అమితాబ్ అనిపించుకున్నారు. కానీ సరిగ్గా 20 ఏళ్ల ముందే ఆ పని చేసిన హీరోయిన్ వాళ్లింట్లోనే ఉన్నారు. ఆవిడే విజయలలిత. విజయశాంతికి స్వయానా పిన్ని. శాంతి పేరు ముందు ‘విజయ’ వచ్చి చేరింది కూడా ఈమె పేరు నుంచే.

పేరు చూసి కన్ఫ్యూజ్ కావద్దు. 1966లో కృష్ణ పక్కన ‘గూఢచారి 116’లో చేసింది జయలలిత, తర్వాత తమిళనాడు సీఎం అయిన ఆమే. విజయలలిత వేరు. అయితే ఆ సినిమాతో మొదలైన గూఢచారి, క్రైమ్ సినిమాల ఊపు ఈమెకు బాగా కలిసొచ్చింది.

అంతకుముందు విజయలలితకు ఎక్కువగా డ్యాన్సులు, వ్యాంప్ తరహా పాత్రలే. అప్పట్లో లెక్క అలా ఉండేది మరి. కన్నీళ్లు పెట్టుకునేది హీరోయిన్, క్లబ్బులో ఆడేది డ్యాన్సర్, కొట్టేది హీరో. ఈ లెక్కను తిరగేసింది డైరెక్టర్ కె.ఎస్.ఆర్. దాస్. 1970లో ‘రౌడీ రాణి’లో విజయలలితను మెయిన్ రోల్‌లో పెట్టి, పగ తీర్చుకునే పని, ఫైట్లు అన్నీ ఆమెకే ఇచ్చేశారు. కాపాడ్డానికి హీరో వస్తాడని ఎదురుచూసే అవసరమే లేదు!

డ్యాన్సరే ఎందుకు? మాకు అనిపించేది ఏంటంటే.. ఫైట్ కూడా స్టెప్పులాంటిదే. దెబ్బ ఎప్పుడు వేయాలి, ఎటు తిరగాలి, ఎక్కడ ఆగాలి అన్నీ లెక్క ప్రకారమే సాగాలి. గ్రాఫిక్స్ లేని రోజులవి. ఒళ్లు వంగని ఆర్టిస్ట్‌తో అయ్యే పని కాదు. పైగా దాస్ ఎడిటింగ్ నుంచి డైరెక్షన్‌లోకి వచ్చిన మనిషి, దేన్ని ఎక్కడ కట్ చేయాలో ఆయనకు బాగా తెలుసు.

1971లో ఇద్దరూ కలిసి ‘రివాల్వర్ రాణి’ తీశారు. అదే ఏడాది కృష్ణతో ‘జేమ్స్‌బాండ్ 777’ కూడా. 1972లో ‘రౌడీ రాణి’ కథను దాసే హిందీలో ‘రాణీ మేరా నామ్’గా తీస్తే, అందులోనూ రాణి విజయలలితే. హిందీకి ఇది మరీ కొత్తేం కాదు. 1935లోనే ‘హంటర్‌వాలీ’తో ఫియర్‌లెస్ నాడియా కొరడా ఝుళిపించింది.

మరి ఇంత చేసిన ఆమె పేరు ఎందుకు వినపడదు? 1971లోనే దాస్ తీసిన ‘మోసగాళ్లకు మోసగాడు’ గురించి ఇప్పటికీ మాట్లాడుకుంటాం. అందులో కృష్ణ ఉన్నారు, సొంత బ్యానర్ ఉంది, రాజస్థాన్ ఎడారి ఉంది. రాణి సినిమాలకు వెనక అంత పెద్ద పేరు లేదు. వాటిని ‘బీ గ్రేడ్’ అని పక్కన పెట్టేశారు. చేవెళ్ల, మొయినాబాద్ లాంటి ఊళ్లను ట్రేడ్ భాషలో సి సెంటర్లు అంటారు. ఇప్పుడంటే ఫామ్‌హౌస్‌లు, విల్లాలు గానీ అప్పట్లో పల్లెలే. సిటీలో ఆట అయిపోయాకే ప్రింటు అలాంటి చోట్లకు వెళ్లేది. ఫైట్ సినిమాకు అసలు ఈలలు పడేది అక్కడే. కానీ ఈలల్ని ఎవరూ పేపర్లో రాయరు కదా.

‘కర్తవ్యం’ వచ్చేసరికి సీన్ మారింది. రౌడీ రాణి పగ తన ఇంటి కోసం. వైజయంతి మాత్రం ఖాకీ డ్రెస్ వేసుకుని, చట్టం పేరు చెప్పి కొట్టింది. ఫ్యామిలీ ఆడియన్స్ కూడా చప్పట్లు కొట్టారు. కొట్టడం ఒకటే, గౌరవం మాత్రం డ్రెస్‌ని బట్టి వచ్చింది!

కె.ఎస్.ఆర్. దాస్ 2012లో కన్నుమూశారు. ఆయన గురించి చెప్పేవాళ్లు మొదట ఎత్తేది కౌబాయ్ సినిమానే. విజయలలిత పేరు వస్తే ‘విజయశాంతి పిన్ని’ అన్న మాటతోనే వస్తుంది.. మేమూ అలాగే మొదలుపెట్టాం.

ఇంతకీ ‘రివాల్వర్ రాణి’ని మీ ఫోన్‌లో వెతకాలనుకుంటే పక్కన 1971 అని కూడా కొట్టండి. అదే పేరుతో 2014లో కంగనా రనౌత్ హిందీ సినిమా ఒకటి వచ్చింది. ఆ కథ వేరు, ఆ రాణి వేరు.