కొల్లేటి ఒడ్డున ఒక సాయంత్రం

జపానులో, చీకటిపడగానే యాత్రికులను సందుల్లోని చిన్న చిన్న భోజనశాలలకు తిప్పి, అక్కడి చేపలూ, బియ్యం పులియబెట్టి చేసే ‘సాకే’ అనే మద్యమూ రుచి చూపించే మార్గదర్శకులుంటారు. అటువంటి సాయంత్రం మన కొల్లేటి ఒడ్డునా గడపవచ్చు.

ఆటపాకలో గూడబాతులను చూచి, కైకలూరు చేరి, వేడన్నంలో బొమ్మిడాయిల పులుసు కలుపుకోండి. నిన్నటి పులుసైతే మరీ మంచిది!

అయితే, ‘ఇది కొల్లేటి చేపేనా?’ అని అడగడం మరవకండి. బొచ్చె, శీలావతి చాలామటుకు చెరువుల్లో పెంచినవి. ఆ చెరువుల గట్లు సరస్సును మింగేస్తుంటే, 1999లో ప్రభుత్వం దీన్ని అభయారణ్యమన్నది. 2006లో గట్లు తెగగొట్టింది. చెరువులమీద బతికిన పల్లెలు గొల్లుమన్నాయి.

కల్లు మాటా? తాటికల్లు వేకువనే తాగాలి. సాయంత్రానికి పులిసిపోయి, దారి చూపేవాడికే దారి తప్పుతుంది!