పని నుంచి తీసేశారా? కోర్టు ఏం చూస్తుంది, ఉచిత లాయరు ఎలా దొరుకుతారు

దుష్ప్రవర్తన పేరుతో డిస్మిస్ ఆర్డరు ఇస్తే, ఇక చేసేదేం లేదని చాలామంది ఊరుకుంటారు. కానీ కార్మికులు ఆ ఆర్డరును లేబర్ కోర్టు లేదా పారిశ్రామిక ట్రైబ్యునల్‌లో సవాలు చేయొచ్చు. లాయరును ప్రభుత్వమే ఉచితంగా ఇస్తుంది.

కోర్టు చూసేవి మూడు

1. విచారణ సక్రమంగా జరిగిందా? ఆరోపణలు రాసి ఇవ్వాలి, సాక్షులను ప్రశ్నించనివ్వాలి, మీ జవాబు వినాలి. విచారణాధికారి నివేదిక కాపీ ఉద్యోగికి ఇవ్వాలని 1993లో హైదరాబాద్ ఈసీఐఎల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అయితే కాపీ ఇవ్వలేదన్న ఒక్క కారణంతో ఉద్యోగం తిరిగి రాదు. దానివల్ల మీకు నష్టం జరిగిందని తేలాలి.

2. ఆరోపణకు రుజువుందా? విచారణలో లోపం ఉన్నా, యాజమాన్యం కోర్టులో కొత్తగా సాక్ష్యం చూపొచ్చు. దానికీ సిద్ధంగా ఉండండి.

3. శిక్ష తప్పుకు తగినదేనా? ఏళ్ల తరబడి మచ్చ లేకుండా పనిచేసిన మనిషి ఒక్కసారి మాట జారితే డిస్మిస్ ఎక్కువే అనిపించొచ్చు. అప్పుడు కోర్టు శిక్ష తగ్గించి, తిరిగి పనిలోకి తీసుకోమనొచ్చు. 1971లో వచ్చిన ఈ అధికారం, 2025 నవంబరు 21న అమల్లోకి వచ్చిన పారిశ్రామిక సంబంధాల కోడ్‌లోనూ ఉంది. డబ్బు కాజేసిన కేసుల్లో మాత్రం ఊరట అరుదు. బస్సు కండక్టర్ల టికెట్ డబ్బు కేసుల్లో, మొత్తం చిన్నదైనా నమ్మకం పోయినట్టేనని సుప్రీంకోర్టు పలుమార్లు చెప్పింది.

ప్రభుత్వ ఉద్యోగులకు?

దారి వేరు. శాఖలో అప్పీలు చేశాక రాష్ట్ర ఉద్యోగులు హైకోర్టుకు వెళ్లాలి. హైకోర్టు సాక్ష్యాలను మళ్లీ మొదటినుంచి తూకం వేయదు. విచారణ న్యాయంగా సాగిందా, అసలు సాక్ష్యమంటూ ఉందా అని చూస్తుంది. ఈ సూత్రాన్ని సుప్రీంకోర్టు 1963లో ఆంధ్రప్రదేశ్‌కు చెందిన ఒక పోలీసు అధికారి కేసులో చెప్పింది.

మీరు చేయాల్సింది

• షోకాజ్ నోటీసు, ఛార్జిషీటు, మీ జవాబు, డిస్మిస్ ఆర్డరు, జీతం స్లిప్పులు దాచుకోండి.
• చదవకుండా దేనిమీదా సంతకం పెట్టొద్దు.
• ముందుగా కార్మిక శాఖ రాజీ అధికారికి దరఖాస్తు ఇవ్వండి. రెండేళ్లు దాటితే ఆయన ఆ వివాదం చేపట్టలేరు.

ఉచిత న్యాయ సహాయం ఎవరికి?

పారిశ్రామిక కార్మికులు, మహిళలు, ఎస్సీ, ఎస్టీలు, దివ్యాంగులకు ఆదాయ పరిమితి లేదు. జిల్లా కోర్టు ప్రాంగణంలోని జిల్లా న్యాయసేవాధికార సంస్థలో దరఖాస్తు ఇవ్వండి, లేదా 15100కు ఫోన్ చేయండి. వెళ్లేటప్పుడు డిస్మిస్ ఆర్డరు కాపీ తప్పకుండా తీసుకెళ్లండి.