పేరు ఒకటి – సంఖ్య వేరొకటి

తెలుగు అధ్యాపకునికి వీడియో ఆటలతో పనియేమని సహాధ్యాపక మిత్రులు నవ్వవచ్చును. నిరుడు మన కళాశాల పూర్వ విద్యార్థి ఒకడు మాదాపూర్‌లో ఒక ఆటల పరీక్షక సంస్థకు ఉద్యోగపు పరీక్షకై వెళ్లి, నిరాశతో తిరిగి వచ్చి, స్టాఫ్ రూములో నా యెదుట కూర్చున్నాడు. అక్కడివారు అందరికీ తెలిసిన ఒక ఆటను తెరచి, దారి తప్పి ఎక్కడో నిలిచిపోయిన ఒక పాత్రను ఆటగాని వద్దకు రప్పించమన్నారట. ఇతడు ఒక సంఖ్యను వెదకి కొట్టినాడు, పాత్ర ప్రత్యక్షమైనది. అయినను ఉద్యోగం రాలేదు. "సార్, వాళ్లు అడిగింది లిడియానే, నేను తెచ్చింది కూడా లిడియానే కదా!" అన్నాడు. అతడు చేసిన పొరపాటు ఏమిటో తెలుసుకొనుటకు నాకు రెండు వారములు పట్టినది. ఈ వ్యాసం ఆ రెండు వారముల ఫలితం.

కంప్యూటరుపై ఆడు కొన్ని ఆటలలో 'కన్సోల్' అనబడు ఒక చిన్న గవాక్షం కలదు. (టీవీకి తగిలించి ఆడు యంత్రమును కూడా కన్సోల్ అనియే అందురు, అది వేరు.) కీబోర్డుపై 1 అంకెకు ఎడమ ప్రక్కనున్న మీటను నొక్కినచో ఆట ఆగి, ఆజ్ఞలు వ్రాయుటకు చోటు తెరచుకొనును. 1996లో వచ్చిన 'క్వేక్' అను ఆట ఈ పద్ధతికి విశేష ప్రచారం కల్పించినది. దీనిని మోసపు దారియని పిల్లలు అనుకొందురు గాని, ఇది నిర్మాతల పనిముట్టు. ఆటలో 40 గంటలు గడచిన పిమ్మట గాని లభింపని ఖడ్గము సరిగా పని చేయుచున్నదో లేదో పరీక్షింపవలసినవాడు ప్రతిసారి 40 గంటలు ఆడజాలడు కదా. ఒక ఆజ్ఞ వ్రాసి ఆ ఖడ్గమును చేతికి తెప్పించుకొనును.

1998 నవంబరులో సైబర్ టవర్స్ ప్రారంభమైననాడు హైటెక్ సిటీ అనగా కార్యాలయపు లెక్కలు వ్రాయు సాఫ్ట్‌వేరు అనియే అందరు తలచిరి. అదే సంవత్సరం మైక్రోసాఫ్ట్ తన అభివృద్ధి కేంద్రమును హైదరాబాదులో స్థాపించినది. నేడది గచ్చిబౌలిలో ఉన్నది. ఆ సంస్థయే 2014లో 'మైన్‌క్రాఫ్ట్' ఆటను నిర్మించిన సంస్థను, 2021లో 'స్కైరిమ్' ఆటను నిర్మించిన బెథెస్డా మాతృసంస్థను కొన్నది. ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ వంటి ఆటల సంస్థలకు కూడా ఈ నగరంలో కార్యాలయములు కలవు. ఆటలు, యానిమేషన్ సంస్థల కొరకై రాయదుర్గంలో 'ఇమేజ్ టవర్'కు 2017లో శంకుస్థాపన జరిగినది. కావున మన విద్యార్థులకు ఈ విద్య కేవలం కాలక్షేపం కాదు, అన్నం పెట్టగలిగినది.

ఇక విషయమునకు వత్తును. 2011 నవంబరులో విడుదలైన స్కైరిమ్‌లో నూరు బంగారు నాణెములు కావలెనన్నచో 'ప్లేయర్.యాడ్‌ఐటమ్ ఎఫ్ 100' అని ఆంగ్లాక్షరములలో వ్రాయవలెను. ఇందు 'ఎఫ్' అనునది బంగారమునకు పొట్టి పేరు కాదు, అదొక సంఖ్య. మనము పది అంకెలతో లెక్కింతుము. ఆ యంత్రము పదునారు అంకెలతో లెక్కించును. తొమ్మిది తరువాత ఎ, బి, సి, డి, ఈ, ఎఫ్ అను ఆరు అక్షరములే అంకెలు. కనుక ఎఫ్ అనగా 15. నాణెము యొక్క పూర్తి సంఖ్య 0000000ఎఫ్. ముందున్న సున్నలను విడిచిపెట్టవచ్చును. తాళము విప్పు పుల్ల సంఖ్య 0000000ఎ, అనగా 10. చూచుటకు మామూలు అంకెలవలె ఉన్నను మోసపోరాదు: ఆటగాని స్వంత సంఖ్య 00000014, అది పదునాలుగు కాదు, ఇరువది.

ఇచట ఒక ముచ్చట. 2008 నాటి 'ఫాల్అవుట్ 3' ఆటలో బంగారం లేదు; శీతల పానీయపు సీసా మూతలే అక్కడ ద్రవ్యం. ఆ మూత సంఖ్య కూడా 0000000ఎఫ్ యే. తాళము విప్పు జడపిన్ను సంఖ్య అక్కడను 0000000ఎ. ఒకే సంస్థ, ఒకే మూలయంత్రం. కథ మారినది, వస్తువు రూపు మారినది, గూటి సంఖ్య మాత్రం మారలేదు. పాతబస్తీలో దుకాణం చేతులు మారినను గుమ్మంపై పాత మున్సిపల్ నంబరు అట్లే ఉండిపోవుట మనకు తెలియనిదా!

పేరు చాలదా, సంఖ్య యేల? ఆ సంస్థయే 2002లో తెచ్చిన 'మారోవిండ్' అను ఆటలో సంఖ్యలు లేవు. బంగారమును 'గోల్డ్_001' అను మాటతోనే పిలువవలెను. 2006 నాటి 'ఒబ్లివియన్' నుండి ఎనిమిది అంకెల సంఖ్యలు వచ్చినవి. ఆటగాండ్రే క్రొత్త వస్తువులను నిర్మించి ఆటకు చేర్చుకొను వీలుండుటచే, ఇద్దరు ఒకే పేరు పెట్టినచో చిక్కు కదా. అందుచే ఎనిమిది అంకెలలో మొదటి రెండు ఆ వస్తువు ఏ గ్రంథము నుండి వచ్చినదో తెలుపును: మూల ఆటకు 00, దాని తరువాత చేర్చుకొన్నవానికి చేర్చిన వరుసలో 01, 02, 03. మిగిలిన ఆరంకెలు ఆ గ్రంథములో వస్తువు స్థానము. వాటితో ఒక్కొక్క గ్రంథమునకు 1,67,77,216 గూళ్లు ఏర్పడును. ఇందుండియే క్రొత్తవారికి కష్టము పుట్టును. అనుబంధములను నేను చేర్చిన వరుస వేరు, మీరు చేర్చిన వరుస వేరు. నా యంత్రములో 03తో మొదలగు వస్తువు మీ యంత్రములో 05తో మొదలు కావచ్చును. కనుకనే తెలిసినవారు వ్రాసిన పట్టికలలో మొదటి రెండంకెల స్థానే రెండు 'ఎక్స్' గుర్తులుంచి, 'మీ వరుసను మీరే చూచుకొనుడు' అని సూచింతురు. ఎఫ్ఎఫ్‌తో మొదలగు సంఖ్య ఆటగాడు ఆడుచుండగా పుట్టినది. అది అతని ఆటలోనే చెల్లును, పొరుగువానికి నిరుపయోగము.

పట్టికలు చేత లేకున్నను సంఖ్యను ఆటయే చెప్పును. కన్సోల్‌లో 'హెల్ప్' అని వ్రాసి, వస్తువు పేరును కొటేషన్ గుర్తుల మధ్య ఉంచి, చివర 4 అంకె వేయవలెను. 'ఐరన్ స్వోర్డ్' అని అడిగినచో ఆయుధ జాతి గుర్తు, నిర్మాతలు పెట్టుకొన్న లోపలి పేరు, బ్రాకెట్లలో 00012ఈబి7 అను సంఖ్య, తుదకు మనకు కనబడు పేరు ఒకే పంక్తిలో వచ్చును. అదే పేరు భాగముగా గల ఇతర వస్తువులు కూడా వరుసగా దిగును. పేజ్ అప్, పేజ్ డౌన్ మీటలతో పైకి క్రిందికి పోవుచు కావలసినదానిని ఏరుకొనవలెను. తొందరపడి మొదటిదే తీసుకొనువారు తరచుగా పొరబడుదురు. కన్సోల్ తెరచియుండగా ఎదుటనున్న వస్తువుపై మౌసుతో నొక్కినను ఒక సంఖ్య కనబడును. మన విద్యార్థి కాలు జారినది ఈ రెండు సంఖ్యల నడుమనే.

హెల్ప్ చెప్పునది జాతి సంఖ్య. నొక్కినప్పుడు కనబడునది వ్యక్తి సంఖ్య. మన గ్రంథాలయములో ఒక పుస్తకము ప్రతులు అయిదున్నచో, వెన్నుపై వర్గీకరణ సంఖ్య అయిదింటికీ ఒకటే. లోపలి పుటలో ముద్రవేసిన యాక్సెషన్ నంబరు మాత్రం దేనిది దానికే. స్కైరిమ్‌లో లిడియా అను అంగరక్షకురాలి జాతి సంఖ్య 000ఎ2సి8ఈ, వ్యక్తి సంఖ్య 000ఎ2సి94. మొదటి సంఖ్యతో 'ప్లేస్‌అట్‌మీ' అన్నచో ఆట మరియొక లిడియాను క్రొత్తగా సృష్టించి నిలుపును. ముఖము అదే, కంఠము అదే. కాని ఇంతవరకు మనతో నడచినది, మన సామాను మోసినది ఆమె కాదు. అసలు లిడియా ఎక్కడి గుహలోనో అట్లే నిలిచియుండును. రెండవ సంఖ్యను 'పి-ఆర్-ఐ-డి' ఆజ్ఞతో ఎన్నుకొని, 'మూవ్‌టు ప్లేయర్' అన్నచో మాత్రమే తప్పిపోయిన మనిషి వచ్చును. ఆ సంస్థవారు రప్పించమన్నారు, ఇతడు సృష్టించినాడు.

ఇది అర్థమైననాడు నాకు నా డిగ్రీ దినములు గుర్తుకు వచ్చినవి. మా తరగతిలో నా పేరే గలవాడు మరియొకడుండెను. మన ఇండ్లలో ఇది వింత కాదు. ఒక్క హాజరుపట్టీలో మహమ్మద్‌లు, మొహమ్మద్‌లు, పల్లెల నుండి వచ్చిన 'ఎం.డి.'లు ఎందరో! నాకు మంజూరైన విద్యార్థి వేతనము అతని ఖాతాలో పడినది. నేను ఒక కార్యాలయమునకు పోయి అడుగగా, గుమాస్తా కాగితము చూపి, "కళాశాల కోడు సరిపోయింది, కోర్సు కోడు సరిపోయింది, పేరూ సరిపోయింది, ఇంకేమి కావలె?" అన్నాడు. అవన్నియు జాతి సంఖ్యలు. నాది అనదగినది దరఖాస్తు సంఖ్య ఒక్కటే. దానిని ఎవరో ఆ కాగితమునకు ఎక్కించుట మరచిరి. సొమ్ము చేతికి వచ్చుటకు ఏడు నెలలు పట్టినది. నడుమ పరీక్ష ఫీజు కట్టుటకు మా అమ్మీ కుట్టుమిషన్ తాకట్టు పెట్టినది. ఆ మిత్రుని తప్పు ఏమియు లేదు, తెలిసిన వెంటనే లెక్క చెప్పినాడు.

అట్లని సంఖ్యయే సర్వోత్తమము అననక్కరలేదు. మైన్‌క్రాఫ్ట్ దీనికి విరుద్ధమైన దారి పట్టినది. అందు పూర్వము రాయికి 1, మట్టికి 3, వజ్రమునకు 264 అను సంఖ్యలుండెను. గ్రానైటు రాయి ప్రత్యేక వస్తువు కాక, 1వ సంఖ్యలో ఒక ఉపభేదముగా ఉండెను. కాలక్రమమున ఆజ్ఞలలో పేర్లు వాడుక కాగా, 2018 నాటి 1.13 కూర్పులో సంఖ్యలను పూర్తిగా తొలగించి ఉపభేదములకు కూడా విడివిడి పేర్లిచ్చిరి. పాత సంఖ్యలు కంఠస్థము చేసినవారి పాండిత్యము ఒక్కనాటితో వృథా అయినది. ఆ ఆట జావా కూర్పులో ఎఫ్3, హెచ్ మీటలను కలిపి నొక్కినచో ప్రతి వస్తువు క్రింద దాని లోపలి పేరు కనబడును. మనుష్యులు చదువుకొనదగిన పేరే మేలని నా అభిప్రాయము కూడా. అయితే ఆ పేరు మరి దేనికిని ఉండరాదు.

ఉర్దూ విభాగపు మిత్రులకు ఈ గొడవ చెప్పగా వారు మరియొక చిక్కును నా ముందు పెట్టినారు. 1991లో వెలువడిన యూనికోడ్ తొలి కూర్పులోనే తెలుగునకు 128 గూళ్లు కేటాయించిరి. అందు 'అ' సంఖ్య 0సి05, 'క' సంఖ్య 0సి15. ఇవియు పదునారంకెల లెక్కయే. ఉర్దూ అక్షరములు అరబ్బీ అక్షరముల గూళ్లలోనే కలిసియున్నవి. అరబ్బీ 'కాఫ్' 0643, ఉర్దూ 'కాఫ్' 06ఎ9. అరబ్బీ 'యే' 064ఎ, ఉర్దూ 'యే' 06సిసి. మాట నడుమ ఇవి కంటికి ఒక్కటే. యంత్రమునకు మాత్రం వేర్వేరు. మన గ్రంథాలయపు ఉర్దూ పట్టికను కొందరు విద్యార్థులు అరబ్బీ కీబోర్డుతోను, కొందరు ఉర్దూ కీబోర్డుతోను ఎక్కించినారు. ఇప్పుడు 'కితాబ్' అని వెదకినచో సగము పుస్తకములే కనబడును; మిగిలినవి బీరువాలో ఉండియు లేనట్లే.

ఆ విద్యార్థి శనివారములందు వచ్చి, ఆ పట్టికలో అరబ్బీ సంఖ్యలను వెదకి ఉర్దూ సంఖ్యలుగా మార్చుచున్నాడు. మార్చుటకు ముందు మూలప్రతిని వేరుగా భద్రపరచినాడు. కన్సోల్‌లో ఆజ్ఞ వ్రాయువారు కూడా మొదట ఆటను భద్రపరచుకొనవలెననియు, కథకు మూలమైన వస్తువులను అకాలమున తెప్పించినచో కథయే ముందుకు సాగక నిలిచిపోవచ్చుననియు అతడే నాకు చెప్పినాడు. 'కాఫ్' పూర్తి అయినది. 'యే' మిగిలియున్నది.