మైలు నుంచి మీటరు దాకా: దూరాల లోకంలో మొనగాళ్ళు

మైలంటే 1,609.344 మీటర్లు. ఒక్క వెంట్రుక ఎక్కువా లేదు, తక్కువా లేదు. 20 మీటర్ల తాటిచెట్లను నేల మీద వరసగా పడుకోబెడితే ఎనభై పట్టే దూరమిది. 1959లో ఇంగ్లిషు మాట్లాడే ఆరు దేశాలు కూడబలుక్కుని గజాన్ని 0.9144 మీటర్లకు బిగించేశాయి. ఆనాటి నుంచి మైలుకు వేరే కొలబద్ద లేదు, మీటరే దిక్కు.

నేడు వాడుకలో ఉన్నవాటిలో అన్నిటికన్నా పొడవైన మైలు చూడాలంటే స్వీడన్, నార్వే వెళ్ళాలి. అక్కడి జనం 'మిల్' అన్నారంటే 10 కిలోమీటర్లు. మన ఎరుకలో ఉన్న మైళ్ళు ఆరు దాటినా ఆ ఒక్కటీ ఇంకా మిగిలే ఉంటుంది. పాతరోజుల స్వీడన్ మైలు ఇంకా పెద్దది, 10,688 మీటర్లు. మెట్రిక్ పద్ధతి వచ్చాక సరిగ్గా పదివేలు చేశారు. పేరు మాత్రం వదల్లేదు. పాత కారు అమ్మేవాళ్ళు అది ఎంత తిరిగిందో నేటికీ మిల్‌లలోనే చెబుతారు.

పొట్టి మైలు రోమన్లది. సైనికుడి కుడికాలు పడినచోటి నుంచి మళ్ళీ కుడికాలు పడేదాకా ఒక 'పాసుస్'. అలాంటివి వెయ్యి అయితే మైలు. సుమారు 1,480 మీటర్లు. లెక్కకు 5,000 రోమన్ అడుగులు. మరి ఇప్పటి మైలుకు 5,280 అడుగులు ఎందుకొచ్చాయి? ఇంగ్లండులో రైతుల కొలత ఫర్లాంగు, 660 అడుగులు. భూములన్నీ దాని మీదే ఆధారపడి ఉన్నాయి కాబట్టి దాన్ని కదపలేక, 1593లో ఎలిజబెత్ రాణి కాలపు చట్టం మైలునే సాగదీసి ఎనిమిది ఫర్లాంగులు చేసింది. ఐర్లండ్ మైలు మరీ సాగి 2,048 మీటర్లయింది.

భూగోళానికి అతుక్కున్న మైలు నాటికల్ మైలు. 1929లో మొనాకోలో 1,852 మీటర్లుగా ఖాయం చేశారు. భూమి చుట్టుకొలతను 360 డిగ్రీలు చేసి, డిగ్రీని 60 భాగాలు చేస్తే వచ్చే ముక్క ఇది. విశాఖ నుంచి కదిలిన ఓడకు ఇదే లెక్క. తీరం నుంచి 12 నాటికల్ మైళ్ళు, అంటే 22.2 కి.మీ. దాకా మన ప్రాదేశిక జలాలు. 200 దాకా, అంటే 370.4 కి.మీ. దాకా చేపల మీదా చమురు మీదా మన హక్కు.

అతి పురాతన సూక్ష్మ కొలబద్దల్లో ఒకటి మన దేశంలోనే దొరికింది. గుజరాత్‌లోని లోథల్ తవ్వకాల్లో బయటపడిన దంతపు ముక్క. వయసు నాలుగు వేల ఏళ్ళ పైమాటే. గీతకూ గీతకూ మధ్య ఎడం సుమారు 1.7 మిల్లీమీటర్లు. ఇనుము కూడా వాడుకలోకి రాని రోజుల్లో అంత సన్నటి గీతలు అంత సమంగా గీసిన చేతికి దండం పెట్టాలి.

బతికున్న ముసలి కొలత మూర. బజారులో మల్లెపూలావిడ మోచేతి నుంచి వేలికొస దాకా దండను చాచి కొలిచి, బేరమాడితే కొసరుగా మరో బెత్తెడు వదిలి తుంచుతుందే, అదే. సుమారు 18 అంగుళాలు, 45 సెం.మీ. ఈజిప్టు ఫారోల మూర ఇంకాస్త పొడవు, 52.4 సెం.మీ., 28 వేళ్ళ వెడల్పు. గీజా మహా పిరమిడ్ ఒక్కో పక్క 440 రాజమూరలు. మన లెక్కలో 230 మీటర్లు, అంటే నేల మీద పదకొండున్నర తాటిచెట్లు.

కొలతల్లో నాకు అందరికన్నా ఇష్టుడు గంటర్ గొలుసు. 1620లో ఎడ్మండ్ గంటర్ అనే ఇంగ్లిషు గణితవేత్త తయారుచేశాడు. 66 అడుగులు, 100 లింకులు. పది గొలుసులు ఫర్లాంగు, ఎనభై గొలుసులు మైలు. పొడవు పది గొలుసులు, వెడల్పు ఒక గొలుసు అయితే ఎకరం. ఇక మన ఊళ్ళోకి రండి. ఆంధ్రలో భూమిని కొలిచే సెంటు సరిగ్గా వెయ్యి చదరపు లింకులు, 48.4 చదరపు గజాలు. తెలంగాణలో చెప్పే గుంట ఏ పక్క చూసినా అర గొలుసు, అంటే 33 అడుగులు. మొత్తం 121 చదరపు గజాలు. నూరు సెంట్లయినా, నలభై గుంటలైనా ఎకరం ఒకటే, 4,840 చదరపు గజాలు. రెండు రాష్ట్రాల పొలం లెక్కలూ ఒకే గొలుసు నుంచి వచ్చాయి. అంతేనా! క్రికెట్ పిచ్ పొడవు 22 గజాలు, 20.12 మీటర్లు. అదీ ఒక గొలుసే. బౌలర్‌కీ బ్యాటర్‌కీ మధ్య ఒక తాటిచెట్టు పడుకున్నంత దూరం.

గొలుసుతో మొదలైన అతి పెద్ద కొలత కూడా మన గడ్డ మీదే. 1802 ఏప్రిల్ 10న మద్రాసు సెయింట్ థామస్ మౌంట్ దగ్గర సర్వేయరు విలియం లాంబ్టన్ నూరడుగుల ఉక్కు గొలుసు పరిపించాడు. ఏడున్నర మైళ్ళు, 12 కి.మీ. కొలవడానికి 57 రోజులు పట్టింది. ఎండకు ఉక్కు సాగుతుంది కాబట్టి గొలుసు పక్కనే థర్మామీటర్లు పెట్టి దాని వేడిని లెక్కగట్టారు. కోణాలు కొలిచే అరటన్ను బరువున్న థియోడలైట్‌ను కొండలకూ గోపురాలకూ ఎక్కించారు. 1808లో తంజావూరు గుడి గోపురానికి ఎత్తుతుంటే మోకు తెగి అది గోడకు గుద్దుకుంది. లాంబ్టన్ దాన్ని తన చేతులతో సరిచేసి మళ్ళీ వాడాడు. కొలత ఉత్తరానికి సాగుతూ అనంతపురం సీమలోని గుత్తినీ, బీదరు పక్కనున్న దామరగిద్దనూ దాటింది. చివరికి కన్యాకుమారి నుంచి హిమాలయాల పాదాల దాకా 2,400 కి.మీ. ఒకే చాపం తయారైంది. అప్పటిదాకా భూమి మీద అంత పొడవైన రేఖాంశ చాపాన్ని ఎవరూ కొలవలేదు.

ఆ లెక్కల సంతానమే ఎవరెస్ట్ ఎత్తు. నూరు మైళ్ళకు పైబడిన దూరం నుంచి, మైదానంలో నిలబడి కొలిచి, 1856లో 29,002 అడుగులని ప్రకటించారు. అంటే 8,840 మీటర్లు. ఉపగ్రహాలు తోడుగా నేపాల్, చైనా 2020లో చెప్పింది 8,848.86 మీటర్లు. తేడా 9 మీటర్లు, అర తాటిచెట్టు కూడా లేదు! శిఖరం ఎత్తు తాటిచెట్ల మీద తాటిచెట్లు పేరిస్తే 442.

అతి గొప్ప ఆశయంతో పుట్టిన కొలత మీటరు. ఏ రాజు మూరకూ లొంగకుండా, ఉత్తర ధ్రువం నుంచి భూమధ్యరేఖ దాకా ఉన్న దూరంలో కోటో వంతు కావాలని 1791లో ఫ్రెంచి అకాడమీ కోరింది. దెలాంబ్ర్, మెషెన్ అనే ఇద్దరు డంకర్క్ నుంచి బార్సిలోనా దాకా విప్లవపు మంటల మధ్య ఆరేళ్ళకు పైగా కొలిచారు. తప్పింది ఎంతో తెలుసా? మీటరుకు 0.2 మిల్లీమీటర్లు.

తర్వాత మీటరు నిర్వచనం మారుతూ వచ్చింది. 1889లో మీటరంటే ప్లాటినం–ఇరీడియం కడ్డీ. 1960లో క్రిప్టాన్ వెలుగు తరంగాలు 16,50,763.73. 1983 నుంచి వెలుగు శూన్యంలో సెకనులో 29,97,92,458వ వంతు కాలంలో పోయే దూరం.

అతి చిన్న తగువు అమెరికాది. అక్కడ రెండు అడుగులుండేవి, మామూలు అడుగు ఒకటి, సర్వే అడుగు మరొకటి. మైలు మొత్తానికి రెంటికీ తేడా 3.2 మిల్లీమీటర్లే. అయినా పటాల మీద 10 లక్షల అడుగుల అంకెలు వేసేసరికి రెండు అడుగులు జరిగిపోయేది. 2022 డిసెంబరు 31తో సర్వే అడుగుకు సెలవిచ్చారు. అదే దేశంలో కిలోమీటర్ల బోర్డులున్న అంతర్రాష్ట్ర రహదారి అరిజోనాలోని ఐ–19, టూసాన్ నుంచి మెక్సికో సరిహద్దు దాకా 102 కి.మీ. వేగపరిమితి మాత్రం మైళ్ళలోనే!

అతి ఖరీదైన కొలతల పొరపాటు అంగారకుడి దగ్గర జరిగింది. 1999 సెప్టెంబరు 23. తొమ్మిదిన్నర నెలలు ప్రయాణించిన మార్స్ క్లైమేట్ ఆర్బిటర్ గ్రహానికి 226 కి.మీ. ఎత్తులో దాటాలి. 57 కి.మీ. దాకా దిగి నాశనమైంది. చిన్న రాకెట్ల తోపుడును ఒక బృందం పౌండ్లలో ఇస్తే, ఇంకో బృందం న్యూటన్లనుకుంది. రెంటికీ తేడా 4.45 రెట్లు. అంకె పక్కన ప్రమాణం పేరు సరిచూడనందుకు 12.5 కోట్ల డాలర్ల నౌక బుగ్గయింది. పిల్లాడు లెక్కల నోట్సులో 'మీ.', 'కి.మీ.' రాయకపోతే మార్కు కోసే మాస్టారి పట్టుదల ఊరికే కాదు.

పట్టాల్లో వెడల్పయినవి మనవి. భారతీయ రైల్వే బ్రాడ్‌గేజ్ 1,676 మి.మీ., అంటే అయిదున్నర అడుగులు. ఇప్పుడు మామూలుగా ప్రయాణికుల రైళ్ళు నడిచే మార్గాల్లో ఇంతకు మించినది ప్రపంచంలో లేదు. హైదరాబాద్ మెట్రోది 1,435 మి.మీ. సికింద్రాబాద్‌లో రైలు దిగి మెట్రో ఎక్కితే చక్రాల మధ్య 24 సెం.మీ. తగ్గిపోయినట్టే.

ట్రాక్ పరుగుల్లో మీటర్లకు లొంగకుండా ప్రపంచ రికార్డు నిలుపుకున్న దూరం మైలొక్కటే. 1954 మే 6న ఆక్స్‌ఫర్డ్‌లో రోజర్ బానిస్టర్ 3 నిమిషాల 59.4 సెకన్లలో పరుగెత్తి నాలుగు నిమిషాల గోడ బద్దలుకొట్టాడు. మొరాకో వీరుడు హిషామ్ ఎల్ గెరూజ్ 1999లో రోమ్‌లో 3 నిమిషాల 43.13 సెకన్లకు దించాడు. గంటకు 26 కి.మీ. వేగం. నేటి ట్రాక్ చుట్టు 400 మీటర్లు. నాలుగు చుట్లు తిరిగినా మైలుకు 9.344 మీటర్లు తక్కువ. అందుకే మైలు పరుగు మొదలయ్యే గీత ముగింపు గీతకు ఆ మేరకు వెనక్కి ఉంటుంది.

మారథాన్ దూరం 26 మైళ్ళ 385 గజాలు. లెక్కగడితే 42,194.988 మీటర్లు. పుస్తకాల్లో 42,195. తేడా 1.2 సెంటీమీటర్లు!

మనిషి ఒంటితో పుట్టిన తాజా కొలత 'స్మూట్'. 1958లో ఎంఐటీ విద్యార్థులు ఆలివర్ స్మూట్ అనే తోటి కుర్రాణ్ణి హార్వర్డ్ వంతెన మీద పదే పదే పడుకోబెట్టి కొలిచారు. అతని ఎత్తు 5 అడుగుల 7 అంగుళాలు. వంతెన 364.4 స్మూట్‌లు. ఆ స్మూటే తర్వాత అంతర్జాతీయ ప్రమాణాల సంస్థ ఐఎస్ఓకు అధ్యక్షుడయ్యాడు.

అతి సన్నని కొలత లైగో పరిశోధనశాలది. 4 కి.మీ. పొడవున్న గొట్టంలో ప్రోటాన్ వ్యాసంలో వెయ్యో వంతు కదలికను 2015 సెప్టెంబరు 14న పట్టేసింది.

మనిషి చేసినవాటిలో అతి దూరం పోయిన వస్తువు వోయేజర్–1. 1977లో బయల్దేరి 2,400 కోట్ల కి.మీ. దాటింది. అంటే 1,490 కోట్ల మైళ్ళ పైచిలుకు. అక్కడి నుంచి కబురు రావడానికి వెలుగు వేగంతోనే 22 గంటలు దాటుతుంది.

అతి వేగం పార్కర్ సౌర నౌకది. 2024 డిసెంబరు 24న గంటకు 6,92,000 కి.మీ., 4,30,000 మైళ్ళు. మైలును తాటిచెట్లతో కొలిచాం కదా, ఈ నౌక సెకనుకు 9,600 తాటిచెట్లు దాటుతుంది.

చాలా పెద్ద అడుగు కాంతి సంవత్సరం, 9.46 లక్షల కోట్ల కి.మీ. సూర్యుడి తర్వాత మనకు దగ్గరి నక్షత్రం ప్రాక్సిమా 4.24 కాంతి సంవత్సరాలు.

చివరగా, నోటిలెక్కల్లో రాజు. అమెరికాలో ఉన్న పిల్లలు ఫోనులో మైళ్ళు చెబితే తికమక పడక్కర్లేదు. 5, 8, 13, 21, 34, 55, 89 వరస గుర్తుంచుకోండి. ముందు రెండిటిని కూడితే తర్వాతిది. ఇటలీలో ఫిబొనాచీ 1202లో రాయకముందే, లఘువు గురువుల లెక్క కోసం మన ఛందశ్శాస్త్రవేత్తలు విరహాంకుడు, హేమచంద్రుడు దీన్ని పట్టుకున్నారు. 5 మైళ్ళు 8 కి.మీ., 34 మైళ్ళు 55, 55 మైళ్ళు 89. తప్పు నూటికి ఒకటి కూడా ఉండదు. పక్కా లెక్క కావాలంటే మైళ్ళను 1.609344తో హెచ్చవేయండి. ఆ 4 తర్వాత ఇక అంకెల్లేవు.