ప్రభుత్వ నియామకాలలో అభ్యర్థుల బాధ్యతలు – న్యాయ పరిష్కార మార్గాలు

నెల్లూరు తీరంలో ముత్తుకూరు మండలం నేలటూరు వద్ద దామోదరం సంజీవయ్య థర్మల్ విద్యుత్ కేంద్రం, దానికి సమీపంలో కృష్ణపట్నం ఓడరేవు ఉన్నాయి. దక్షిణాన పులికాట్ సరస్సుకు ఆవల శ్రీహరికోటలో సతీష్ ధావన్ అంతరిక్ష కేంద్రం ఉంది. తీర గ్రామాల యువత ఈ మూడింటివైపూ ఆశగా చూస్తున్నప్పటికీ, నియామకంలో అన్యాయం జరిగిందని భావించినప్పుడు ఆశ్రయించవలసిన వేదిక మూడింటికీ ఒకటి కాదు.

అంతరిక్ష కేంద్రం కేంద్ర ప్రభుత్వ అంతరిక్ష శాఖ పరిధిలోనిది. అక్కడి నియామక వివాదాలను 1985 నాటి పరిపాలనా ట్రిబ్యునళ్ల చట్టం క్రింద కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్ హైదరాబాద్ బెంచ్ విచారిస్తుంది. తుది ఉత్తర్వు వెలువడిన నాటి నుండి సాధారణంగా ఏడాదిలోగా దరఖాస్తు చేయవలసి ఉంటుంది. రాష్ట్ర ప్రభుత్వ కొలువుల వివాదాలు ఒకప్పుడు రాష్ట్ర పరిపాలనా ట్రిబ్యునల్‌కు వెళ్లేవి. అది రద్దయినందున, రాజ్యాంగం 226వ అధికరణం క్రింద నేరుగా హైకోర్టునే ఆశ్రయించవలసి ఉంది. ప్రభుత్వ రంగ విద్యుత్ సంస్థల విషయంలోనూ ఇదే మార్గం. ఓడరేవు ప్రైవేటు యాజమాన్యంలోనిది కనుక అక్కడి ఉద్యోగం కొరకు రిట్ పిటిషన్ సాధారణంగా నిలవదు.

రిట్ దాఖలుకు చట్టంలో నిర్ణీత గడువు లేదు. అయితే గడువు లేదన్న ధీమాయే పలువురిని నష్టపరుస్తున్నది. ప్రకటనలోని లోపం తెలిసీ మిన్నకుండి, పరీక్షకు, మౌఖిక పరీక్షకు హాజరై, ఎంపిక కాని పిమ్మట ఆ విధానాన్ని ప్రశ్నించడం చెల్లదని సుప్రీంకోర్టు 1995లో మదన్ లాల్ కేసులో స్పష్టం చేసింది. ప్రాథమిక ‘కీ’ విషయమూ అంతే. జవాబు పత్రాలను తిరిగి దిద్దేందుకు నిబంధన లేనప్పుడు న్యాయస్థానాలు అరుదుగా మాత్రమే జోక్యం చేసుకోవాలని, ‘కీ’ సరైనదనే భావించాలని, సందేహమున్న చోట ఆ ప్రయోజనం పరీక్ష నిర్వహించిన సంస్థకే దక్కాలని రణ్ విజయ్ సింగ్ కేసులో 2017లో తీర్పు వెలువడింది. కావున అభ్యంతరాల స్వీకరణకు ఇచ్చే ఆ కొద్ది రోజులలో, ప్రామాణిక గ్రంథాల ఆధారాలతో అభ్యంతరం నమోదు చేయడమే అభ్యర్థికి నిజమైన రక్షణ. దరఖాస్తు ప్రతి, హాల్‌టికెట్, రుసుము రశీదు భద్రపరచుకోవాలని వేరుగా చెప్పనక్కరలేదు.

బాధ్యత అభ్యర్థులది మాత్రమే కాదు. ఎంపిక ప్రక్రియ ప్రారంభమైన తరువాత, నిబంధనలు అనుమతిస్తే తప్ప, అర్హతా ప్రమాణాలను మధ్యలో మార్చరాదని తేజ్ ప్రకాశ్ పాఠక్ కేసులో అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం 2024 నవంబరులో తీర్పునిచ్చింది. పొరుగు రాష్ట్రమైన తెలంగాణలో 2023 జూన్ 11న జరిగిన గ్రూప్-1 ప్రాథమిక పరీక్షను, బయోమెట్రిక్ నమోదులో లోపాల కారణంగా, అదే ఏడాది సెప్టెంబరులో హైకోర్టు రద్దు చేసిన సంగతి అధికారులు గుర్తుంచుకోదగినది.

సరిహద్దుకు చేరువలోని ప్రాంతం కావడంతో ఇక్కడ మరొక చిక్కు ఉంది. 1975 నాటి రాష్ట్రపతి ఉత్తర్వులు స్థానికతకు పుట్టిన ఊరిని గాని, రేషన్ కార్డును గాని కాక, అర్హత పరీక్షకు ముందు వరుసగా నాలుగేళ్ల చదువు ఎక్కడ సాగిందన్న దానిని ప్రధాన కొలబద్దగా నిర్ణయించాయి. తీరప్రాంత కుటుంబానికే చెందినప్పటికీ ఆ సంవత్సరాలలో చెన్నైలో చదివిన విద్యార్థి సొంత జిల్లాలోనే స్థానికేతరుడు అయ్యే పరిస్థితి ఇందువలన ఏర్పడింది. ప్రకటనలోని స్థానికత నిబంధనను దరఖాస్తుకు ముందే చదువుకోవడం అవసరం. తప్పుడు ధ్రువపత్రం సమర్పించినా, క్రిమినల్ కేసును దాచినా చేరిన కొలువు సైతం పోవచ్చును.

ఇక దళారుల సంగతి. ఉద్యోగం ఇప్పిస్తామన్న వారికి డబ్బు ముట్టజెప్పి మోసపోయిన వ్యక్తి కేవలం బాధితుడేనని చాలామంది భావిస్తారు. 2018లో సవరించిన అవినీతి నిరోధక చట్టం 8వ సెక్షన్ ప్రకారం, ప్రభుత్వోద్యోగిని ప్రభావితం చేసే ఉద్దేశంతో సొమ్ము ఇవ్వడం, ఇస్తానని మాట ఇవ్వడం కూడా నేరమే. శిక్ష ఏడేళ్ల వరకు ఉండవచ్చును. ఒత్తిడికి లోనై ఇచ్చిన వారు ఏడు రోజులలోగా పోలీసులకు గాని, దర్యాప్తు సంస్థకు గాని తెలియజేసినప్పుడు మాత్రమే ఈ సెక్షన్ వారికి వర్తించదు.