పరిసరాల చదువుకు తొలి పుస్తకాలు
మార్కులు కలవని పరీక్షగా మిగిలిన పర్యావరణ విద్య

చేగుంట: మూడో తరగతి పిల్లవాడి సంచిలో 'పరిసరాల విజ్ఞానం' పుస్తకం వుంటుంది. వాడి అన్న ఇంటర్ మొదటి సంవత్సరంలో 'పర్యావరణ విద్య' పరీక్ష రాయాలి. అక్క డిగ్రీలో చేరితే అక్కడా పర్యావరణం ఒక పేపరు. ఒకే యింట్లో ముగ్గురు చదివే చదువు యిది. అయినా చేను గట్టున బోరు ఎందుకు ఎండిపోయిందని తండ్రి అడిగితే, ముగ్గురిలో ఒక్కరూ జవాబు చెప్పలేని పరిస్థితి చాలా యిళ్లలో కనిపిస్తుంది. జవాబు పుస్తకాల్లో లేక కాదు. వాటిని వరుసగా చదివేవారు, చదివినదాన్ని వూళ్లో చూసేవారు తక్కువ కావడమే అందుకు కారణం.

కోర్టు ఆదేశంతో వచ్చిన సబ్జెక్టు

న్యాయవాది ఎం.సి. మెహతా వేసిన పిటిషనుపై 1991 నవంబరు 22న సుప్రీంకోర్టు యిచ్చిన తీర్పు ఈ చదువుకు మూలం. పాఠశాలల్లో, కాలేజీల్లో పర్యావరణాన్ని తప్పనిసరి పాఠ్యాంశం చేయాలని కోర్టు ఆదేశించింది. సినిమా హాళ్లలో ప్రతి ఆటకూ పర్యావరణంపై రెండు స్లైడ్లయినా ఉచితంగా చూపాలని కూడా అదే తీర్పులో వుంది. అమలు నత్తనడక నడవడంతో 2003లో కోర్టు మళ్లీ కలగజేసుకోవలసి వచ్చింది. ఆ తర్వాతే, 2004లో, ఎన్.సి.ఇ.ఆర్.టి. తయారుచేసిన పాఠ్య ప్రణాళిక పాఠశాలలకు ఖరారయింది. డిగ్రీ విద్యార్థులందరికీ ఆరు నెలల కోర్సును యు.జి.సి. రూపొందించింది.

మొదటి మెట్టు మూడో తరగతి

ఈ శాస్త్రాన్ని కొత్తగా నేర్చుకోదలచినవారు, పెద్దవారయినా సరే, మూడు, నాలుగు, ఐదు తరగతుల పరిసరాల విజ్ఞానం పుస్తకాలతో మొదలుపెట్టడం మంచిది. ఒకటి, రెండు తరగతుల్లో దీనికి వేరే పుస్తకం అక్కర లేదనీ, భాష, లెక్కల పాఠాల్లోనే పరిసరాల సంగతి రావాలనీ 2005 నాటి జాతీయ పాఠ్య ప్రణాళికా చట్రం చెప్పింది. మూడు నుంచి ఐదు వరకు సామాన్య, సాంఘిక శాస్త్రాలను కలిపి ఒకే పుస్తకంగా యిస్తారు. నీరు, తిండి, యిల్లు, చెట్టు, పశువు వంటి తెలిసిన సంగతులతోనే పాఠం మొదలవుతుంది.

తెలంగాణలో 2022-23 నుంచి వచ్చిన పుస్తకాల్లో ఒక పేజీ తెలుగు, ఎదుటి పేజీ ఇంగ్లీషు. పైచదువుల్లో ఇంగ్లీషు మాటలకు తడబడే పల్లె విద్యార్థికి యిది మేలు చేసే ఏర్పాటు. ఆవరణ వ్యవస్థ అంటే ఎకోసిస్టమ్ అనీ, జీవవైవిధ్యం అంటే బయోడైవర్సిటీ అనీ వేరే నిఘంటువు లేకుండానే తెలుస్తుంది. ప్రభుత్వ బడుల పిల్లలకు ఈ పుస్తకాలు ఉచితం.

రెండో మెట్టు పదో తరగతి జీవశాస్త్రం. 2014లో వచ్చిన ఈ పుస్తకంలో పర్యావరణం, సహజ వనరులు అనే విషయాలపై పాఠాలున్నాయి. కొల్లేరు ఎలా చెడిందో, కొత్తపల్లి గ్రామంలో వాన నీటిని నిలిపి భూగర్భ జలాన్ని ఎలా పెంచుకున్నారో చదివితే, మన వూరి సంగతి దానంతటదే గుర్తుకు వస్తుంది.

పాసయితే చాలు

చిక్కు ఇంటర్‌లో మొదలవుతుంది. మొదటి సంవత్సరంలో పర్యావరణ విద్య పరీక్ష పాసు కావాలి. కాని ఆ మార్కులు మొత్తంలో కలవవు. కలవని మార్కులకు కష్టపడటమెందుకని విద్యార్థి అనుకోవడం సహజం. పరీక్షకు ముందు రోజు నాలుగు ప్రశ్నలు చూసుకుని వెళ్లేవారే ఎక్కువ.

డిగ్రీ స్థాయిలో యు.జి.సి. కోసం పుస్తకం రాసిన వ్యక్తి పూనాకు చెందిన డాక్టర్ ఎరాక్ భరూచా. ఆయన వృత్తిరీత్యా సర్జన్. వనరులు, ఆవరణ వ్యవస్థలు, జీవవైవిధ్యం, కాలుష్యం, జనాభా వంటి ఎనిమిది యూనిట్లతో, 50 పాఠాలకు సరిపడా కోర్సు అది. ఎనిమిదో యూనిట్ పూర్తిగా క్షేత్ర పర్యటన. చెరువుకో, వాగుకో, కాలుష్యమున్న చోటుకో వెళ్లి చూసి రాయాలి. నూరు మార్కుల్లో 25 దానికే పెట్టారు. అయితే కదలకుండా కూర్చుని, ఒకరి రికార్డు చూసి మరొకరు రాసుకుంటే ఆ పాతిక మార్కులకు అర్థం వుండదు.

పుస్తకం ఇంగ్లీషులో బాగుంది. పల్లె నుంచి వచ్చిన తెలుగు మీడియం విద్యార్థికి అది కొరుకుడు పడదు. ఉన్నత విద్యకు తెలుగులో పుస్తకాలు తేవడానికి 1968లో తెలుగు అకాడమీ ఏర్పడింది. పి.వి. నరసింహారావు దానికి వ్యవస్థాపక అధ్యక్షుడు. సులభమైన తెలుగులో పర్యావరణ పుస్తకం జిల్లాలోని ప్రతి కాలేజీ విద్యార్థి చేతికి అందినప్పుడే ఆ ఆశయం నెరవేరినట్లు.

పాత మెదక్ జిల్లాయే పాఠం

నిజానికి 2016 అక్టోబరు 11న విడిపోకముందున్న మెదక్ జిల్లా మొత్తం ఒక పర్యావరణ పాఠ్యపుస్తకం. పటాన్‌చెరులో మందుల కంపెనీల వ్యర్థ జలాన్ని శుద్ధి చేసే కేంద్రం నుంచి బయటికి వచ్చిన నీటిలో, లీటరుకు 31 మిల్లీగ్రాముల వరకు సిప్రోఫ్లాక్సాసిన్ వున్నట్లు స్వీడన్ శాస్త్రవేత్తలు 2007లో ప్రకటించారు. జబ్బుకు ఆ మందు వాడే మనిషి రక్తంలో వుండే మోతాదుకన్నా అది ఎక్కువ. అదే జిల్లాలో జహీరాబాద్ ప్రాంతపు దళిత మహిళా సంఘాలు, 1983లో మొదలైన డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ తోడ్పాటుతో, జొన్న, కొర్ర వంటి పాత పంటల విత్తనాలు కాపాడాయి. 2019లో వారికి ఐక్యరాజ్య సమితి అభివృద్ధి కార్యక్రమం ఈక్వేటర్ బహుమతి యిచ్చింది. చెడిన నీరూ, నిలిచిన విత్తనమూ ఒకే జిల్లాలో చూడవచ్చు.

చేగుంటకు దగ్గర్లో, తూప్రాన్, మాసాయిపేటల మీదుగా సాగి మంజీరలో కలిసే హల్దీ వాగు మరో పాఠం. 2021 ఏప్రిల్ 6న వర్గల్ మండలం అవుసులపల్లి వద్ద కొండపోచమ్మ సాగర్ నీటిని ఈ వాగులోకి మళ్లించారు. నడివేసవిలో వాగు పారితే పక్కన బావులకు ఏమవుతుందో వాగు వొడ్డు రైతులను అడిగి రాసుకున్నా అది మంచి క్షేత్ర పర్యటనే.

చిన్న లెక్క ఒకటి చాలు. ఎకరం నేల మీద ఒక సెంటీమీటరు వాన పడితే సుమారు 40 వేల లీటర్ల నీరు. అది వాగు పట్టి పోతుందా, చెరువులో నిలిచి యింకుతుందా అన్న దాని మీదే బోరు బతుకు ఆధారపడి వుంది. ఇక్కడి నేల కింద రాయి. నీరు ఆ రాతి పగుళ్లలోనే నిలుస్తుంది. పగుళ్లు ఖాళీ అయితే మరో రెండు వందల అడుగులు తవ్వినా దుమ్మే రావచ్చు, అప్పు మాత్రం మిగులుతుంది. 2015లో మిషన్ కాకతీయ పేరున చెరువుల పూడిక తీత చేపట్టిన కారణం యిదే. తీసిన మట్టి పొలాలకు ఎరువు, ఖాళీ అయిన చోటు నీటికి నిలువ.

ఒక బీరువా చాలు

మండల కేంద్రాల్లోని గ్రంథాలయాల్లో మూడో తరగతి నుంచి డిగ్రీ వరకు పర్యావరణ పుస్తకాలన్నీ ఒక బీరువాలో వరుసగా పెడితే పెద్ద ఖర్చేమీ కాదు. చదువు మానిన యువకులకు, రైతులకు కూడా అవి పనికివస్తాయి. ఏడాదికి ఒక్కసారయినా కాలేజీ విద్యార్థులను చెరువు కట్ట మీదికి తీసుకువెళ్లి తూము, అలుగు చూపించి, రికార్డు అక్కడే రాయించాలి. కొత్త బోరు వేయడానికి అప్పు చేయబోయే తండ్రిని ఆపి, ముందు చెరువు సంగతి చూద్దామని కొడుకు చెప్పగలిగిన రోజున ఈ పరీక్ష మార్కులు మెమోలో కలవకపోయినా ఫరవాలేదు. విద్యాశాఖ, గ్రంథాలయ శాఖ అధికారులు ఈ దిశగా ఆలోచించవలసి వుంది.