దుబాసీ కూర్చున్న చోటు

మలేసియా తూర్పు తీరంలో తెరెంగానుకు ఎదురుగా బిడాంగ్ అనే చిన్న దీవి ఉంది. 1978 ఆగస్టులో అక్కడ వియత్నాం శరణార్థుల శిబిరం తెరిచారు. ఏడాది తిరక్కుండానే దాదాపు 40 వేల మంది చేరారు. తాగే నీళ్ళు కూడా పడవల మీద రావాలి. కర్రలతో, గోనెసంచులతో గుడిసెల మీద గుడిసెలు లేచాయి. 1975 ఏప్రిల్ 30న సైగాన్ పడిపోయాక, రెండు దశాబ్దాల్లో సుమారు 8 లక్షల మంది పడవల మీద ఏదో ఒక ఒడ్డుకు చేరారు. దారిలో పోయినవాళ్ళ లెక్క ఎవరి దగ్గరా లేదు.

ఇంత దుఃఖం చూసిన చోట కథలు పుట్టకుండా ఉండవు. అవి ఎవరి కంటితో పుట్టాయన్నదే నా పట్టింపు. బ్లాంచ్ డాల్పుజే 1981లో రాసిన ‘టర్టిల్ బీచ్’లో మనం ఒక ఆస్ట్రేలియా విలేకరి వెంట మలేసియా వెళ్తాం. రచయిత్రికి శరణార్థుల మీద జాలి ఉంది, కోపం ఉంది. అయినా మనం లోపలికంటా తెలుసుకునేది ఆ విలేకరి మనసునే.

పడవ దిగిన పిల్లలు పెద్దవాళ్ళై కలం పట్టాక చూపు మారింది. పదేళ్ళ వయసులో దేశం వదిలిన కిమ్ తుయీ 2009లో ‘రూ’ రాసింది. అందులో మలేసియా శిబిరం ఇరుకుగా, బురదగా, వాసనతో సహా వస్తుంది. నామ్ లే ‘ది బోట్’ కథ నేల కనిపించేసరికి ఆగిపోతుంది. పదహారేళ్ళ మై దగ్గరకు తీసిన పసివాడు అప్పటికే ప్రాణం విడిచాడు. ఆ తర్వాత శిబిరంలో ఆ పిల్ల ఎవరికి ఏం చెప్పి ఉంటుంది? వియెట్ థాన్ న్గుయెన్ కథ ‘బ్లాక్-ఐడ్ విమెన్’లో సముద్రపు దొంగల చేతిలో చనిపోయిన అన్న ఏళ్ళ తర్వాత దయ్యమై చెల్లెలి గడప తొక్కుతాడు. ఆ రోజు గురించి తల్లీ కూతుళ్ళు అప్పటిదాకా నోరు విప్పలేదు.

అమ్మతోనే అనలేని మాట అధికారికి ఎలా చెబుతారు? చెప్పాల్సి వచ్చింది. 1989 మార్చి మధ్య నుంచి ఈ శిబిరాల్లో నిబంధన మారింది. అంతకుముందు పడవలో వచ్చినవాళ్ళంతా శరణార్థులే. ఆ తర్వాత వచ్చినవాళ్ళు విచారణలో తమ భయాన్ని రుజువు చేసుకోవాలి. తేదీ తడబడినా, సిగ్గుతో ఒక సంగతి మింగేసినా, ఆ మనిషి మాట మీద అనుమానం పడేది. కాదన్నవాళ్ళను వెనక్కి పంపారు. అలా వియత్నాంకు తిరిగివెళ్ళినవాళ్ళు లక్షకు పైనే. ఇండోనేసియాలోని గలాంగ్ శిబిరంలో నిరాహార దీక్షలు జరిగాయి, ఒంటికి నిప్పంటించుకున్నవాళ్ళూ ఉన్నారు.

సహాయకుల మీద నాకు చిన్నచూపు లేదు. థాయ్‌లాండ్‌లో ఐక్యరాజ్యసమితి శరణార్థుల సంస్థకు పనిచేసిన టెడ్ ష్వైట్జర్, దొంగలు జనాన్ని చెరపట్టిన కోక్రా దీవికి మళ్ళీ మళ్ళీ వెళ్ళి వందల మందిని బయటికి తెచ్చాడు. ఫిలిప్పీన్స్‌లోని మొరాంగ్ శిబిరంలో ఫిలిపినో టీచర్లు, అమెరికా వెళ్ళబోయేవాళ్ళకు ఇంగ్లీషు, అక్కడి బతుకు తీరు నేర్పారు. ఇలాంటివాళ్ళు కథల్లో దేవుళ్ళుగానో, అలసిపోయిన తెల్లదొరలుగానో మిగిలిపోతే అది వాళ్ళకూ అన్యాయమే.

అయితే నన్ను వదలని పాత్ర దుబాసీ. శిబిరాల్లో వైద్యం చేసినవాళ్ళలో, చదువు చెప్పినవాళ్ళలో, అధికారుల పక్కన కూర్చుని ఒక భాష మాటను మరో భాషలో చెప్పినవాళ్ళలో ఎందరో శరణార్థులే. పగలు పక్క గుడిసె ఆవిడ గోడు అధికారికి వినిపించాలి, రాత్రి ఆవిడ ఏడుపు గోనెపట్టా అవతలి నుంచి వినాలి. ఆవిడ మింగేసిన సంగతి తనకు తెలుసు. తను కలిపి చెబితే అబద్ధం, చెప్పకపోతే ఆవిడ తిరుగు పడవ ఎక్కాలి. సాయం చేసేవాళ్ళకూ అందుకునేవాళ్ళకూ మధ్య గీత చెరిగేది ఆ కుర్చీలోనే. శిబిరం కథకు నడుమ నిలబెట్టాల్సిన మనిషి ఇతనే అని నా గట్టి నమ్మకం.

ఇలాంటి కథలు మన దగ్గరా ఉన్నాయి. విశాఖపట్నంలో నేటికీ బర్మా క్యాంపు అనే పేట ఉంది. బర్మా వదిలి వచ్చిన తెలుగు కుటుంబాలు స్థిరపడ్డ చోటు అది. మీ ఇంట్లోనో పక్కింట్లోనో రంగూన్ నుంచి వచ్చిన పెద్దలుంటే వాళ్ళ దగ్గర కూర్చోండి. ప్రయాణం ఎలా సాగిందో అడగండి. ఒడ్డున దిగాక ఎవరు అన్నం పెట్టారో, ఎవరు పేర్లు రాసుకున్నారో, ఏ సంగతి దాచారో కూడా అడగండి. వాళ్ళుండగానే రాసిపెట్టండి.